ఎందుకని అడగనివాడే స్నేహితుడా?

అర్ధరాత్రి ఫోన్ చేసి రమ్మంటే ఎక్కడికి, ఎందుకు అని అడగకుండా బండి తీసేవాడే అసలైన స్నేహితుడు. మగవాళ్ళ స్నేహానికి తెలుగు సినిమా పెట్టిన మొదటి పరీక్ష ఇది. ఈ పరీక్షలో నెగ్గిన పాత్రకి హాల్లో ఈలలు పడతాయి, ఓడినవాడు విలన్ పక్షాన తేలతాడు. దీని వెంటే మరికొన్ని నియమాలున్నాయి. స్నేహితుల మధ్య సారీలు, థాంక్స్‌లు ఉండకూడదు. వాడి చెల్లెలు మనకూ చెల్లెలే. ఇద్దరూ ఒకే అమ్మాయిని ఇష్టపడితే ముందుగా తెలుసుకున్నవాడు నోరు మెదపకుండా తప్పుకోవాలి. వాడి మీద పడే దెబ్బ మనం కాయాలి, కాచిన సంగతి వాడికి తెలియనివ్వకూడదు. వీటిని ఎవరూ ఎక్కడా రాసిపెట్టలేదు. అయినా మీసం మొలవని కుర్రాడికి కూడా ఇవి కంఠతా వచ్చు. ఏటా ఆగస్టు మొదటి ఆదివారం ఫ్రెండ్‌షిప్ డే నాడు ఫోన్లలో తిరిగే స్టేటస్‌లు చూస్తే చాలు, ఈ నియమావళి ఎంత లోతుగా ఇంకిందో అర్థమవుతుంది. అన్నిటినీ ఒకచోట పేర్చి చూస్తే అడుగున ఒకే సూత్రం కనిపిస్తుంది: స్నేహితుడి కోసం ప్రాణమైనా ఇవ్వొచ్చు గానీ, వాడి మనసులో ఏముందో అడగకూడదు, మన మనసులో ఉన్నది చెప్పకూడదు. ఈ సూత్రం మన సంప్రదాయంలో సగమేనని, మిగతా సగాన్ని సినిమా పక్కన పెట్టేసిందని నా వాదన. ఆ పక్కన పెట్టడం వల్ల మగవాళ్ళకీ, వాళ్ళతో బతికే ఆడవాళ్ళకీ చాలా నష్టం జరిగింది.

సముద్రఖని తమిళంలో తీసిన 'నాడోడిగళ్'ని తెలుగులో 'శంభో శివ శంభో'గా 2010లో తనే తీశాడు. స్నేహితుడి స్నేహితుడి ప్రేమపెళ్ళి కోసం ముగ్గురు కుర్రాళ్ళు ప్రాణాలకు తెగిస్తారు. ఒకడికి కాలు పోతుంది, ఇంకొకడికి వినికిడి పోతుంది. అంతా అయ్యాక ఆ ప్రేమజంట కొద్దికాలానికే విడిపోయిందని తెలుస్తుంది. ఈ సినిమా ఆగ్రహమంతా ఆ జంట మీదే. అది న్యాయమైన ఆగ్రహమే. కానీ బయలుదేరే ముందు ఆ ముగ్గురిలో ఎవరూ ఆ అబ్బాయిని కూర్చోబెట్టి, ఈ అమ్మాయితో కలకాలం ఉండగలవా, రేపు ఇంట్లోవాళ్ళు ఏడిస్తే ఏం చేస్తావు అని గట్టిగా నిలదీయలేదన్న సంగతి మనకు తట్టదు. అలా నిలదీస్తే స్నేహం పలచబడిపోతుందన్న నమ్మకం మీదే కథంతా నిలబడింది. 2019లో వచ్చిన 'మహర్షి'లో రవి, స్నేహితుడు రిషి మీదికి రాబోయిన నిందని తన మీద వేసుకుని చదువు పోగొట్టుకుంటాడు. ఏం జరిగిందో రిషికి తెలిసేసరికి అతను ఎక్కడో పెద్ద కంపెనీకి అధిపతి. రవి మౌనాన్ని సినిమా మహాగుణంగా చూపించింది. ఆ మౌనం వల్ల రిషికి జరిగిన అన్యాయం ఒకటుంది. తన విజయం కింద ఎవరి జీవితం నలిగిందో తెలుసుకునే హక్కు, సకాలంలో దిద్దుకునే అవకాశం అతనికి దక్కలేదు. త్యాగం చేసినవాడు చెప్పకపోతే, త్యాగం పొందినవాడు ఏళ్ళ తరబడి అజ్ఞానంలో బతుకుతాడు.

ఈ సూత్రానికి మూలపురుషుడు కర్ణుడు. 1977లో ఎన్టీఆర్ 'దాన వీర శూర కర్ణ' నిర్మించి, దర్శకత్వం వహించి, కర్ణ దుర్యోధన కృష్ణ పాత్రలు మూడూ తనే వేశాడు. కొండవీటి వెంకటకవి రాసిన సంభాషణలు ఊరి తిరునాళ్ళలో మైకుల్లో మోగాయి, పిల్లలు బట్టీపట్టి ఒప్పజెప్పారు. కులమేమిటని నిండు సభలో అవమానించినప్పుడు, అంగరాజ్యమిచ్చి పక్కన కూర్చోబెట్టుకున్న దుర్యోధనుడి స్నేహం తెలుగువాడి గుండెకు ఎందుకంత తగిలిందో వివరించనక్కర్లేదు. కులం పేరుతో తల వంచుకున్న ప్రతివాడికీ అలాంటి స్నేహితుడు కావాలనిపిస్తుంది. మణిరత్నం 1991లో ఇదే కథను మురికివాడకి తెచ్చి 'దళపతి' తీశాడు. ఆ తర్వాత వచ్చిన ఎన్ని సినిమాల్లోనో మన హీరోలు స్నేహితుడి రుణం ప్రాణంతో తీర్చారు. స్నేహమంటే రుణం, రుణమంటే తీర్చవలసింది, తీర్చడమంటే చావడం అన్న లెక్క అక్కడ స్థిరపడింది. కానీ భారతాన్ని ఒక్కసారి నిదానంగా చూడండి. అంగరాజ్యానికి బదులుగా ఏమివ్వమంటావని కర్ణుడు అడిగితే దుర్యోధనుడు కోరింది స్నేహం మాత్రమే. దాన్ని ప్రాణంతో తీర్చవలసిన రుణంగా లెక్కగట్టుకున్నది కర్ణుడే. ఉద్యోగపర్వంలో కృష్ణుడు వచ్చి జన్మరహస్యం చెప్పినప్పుడు యుద్ధం ఎటు తిరుగుతుందో కర్ణుడికి తెలుసు. తన పక్షానికి ఓటమి తప్పదని తనే అంటాడు. ఆ మాట స్నేహితుడితో అనడు. తను కుంతి కొడుకునని చెప్పడు. అర్జునుడిని తప్ప మిగతా నలుగురినీ చంపనని తల్లికిచ్చిన మాటా చెప్పడు. ఆ మాట ప్రకారమే యుద్ధంలో ధర్మరాజు, భీముడు, నకుల సహదేవులు చేతికి చిక్కినా వదిలేస్తాడు. ఎవరి కోసం చావడానికి సిద్ధపడ్డాడో ఆ స్నేహితుడికి తన జీవితంలోకెల్లా పెద్ద నిజాన్ని దాచాడు. ఆ దాపరికం దుర్యోధనుడి ఓటమికి ఒక కారణమైంది. చెప్పుకోని స్నేహం ఎంత ఘనమైనదైనా స్నేహితుడిని కాపాడలేకపోవచ్చునని వ్యాసుడు అక్కడే చూపించాడు. మనం రాజ్యదానం దగ్గర చప్పట్లు కొట్టి, ఈ భాగాన్ని దాటేశాం.

అదే భారతంలో ఇంకో స్నేహం ఉంది. రెండు సేనల మధ్య రథం ఆగింది. ఆ కాలంలోకెల్లా మేటి విలుకాడు తన స్నేహితుడితో కాళ్ళుచేతులు ఆడటం లేదన్నాడు, నోరెండిపోతోందన్నాడు, విల్లు చేతిలోంచి జారిపోతోందన్నాడు, ఏం చేయాలో తోచడం లేదని కూలబడ్డాడు. లక్షల మంది చూస్తున్నారు. కృష్ణుడు మందలించాడు, అది నిజమే. కానీ మందలించి వదిలేయలేదు. అర్జునుడు ఎన్ని ప్రశ్నలు వేస్తే అన్నిటికీ ఓపిగ్గా జవాబిచ్చాడు, చివరికి అంతా ఆలోచించుకుని నీకు తోచినట్టు చెయ్యమన్నాడు. భక్తులు దీన్ని దైవవాక్యంగా చదువుతారు, చదవాలి కూడా. కానీ ఒక మగవాడు తన భయాన్ని స్నేహితుడి ముందు బయటపెట్టి, ఆ స్నేహితుడు దాన్ని విన్న సన్నివేశంగా కూడా చదవొచ్చు. విశ్వరూపం చూశాక అదే అర్జునుడు, ఇన్నాళ్ళూ చనువు కొద్దీ కృష్ణా, యాదవా, సఖా అని పిలిచానని, తినేటప్పుడూ పడుకునేటప్పుడూ ఆటల్లోనూ పరాచికాలాడానని, క్షమించమని అడుగుతాడు. స్నేహితుల మధ్య క్షమాపణ ఉండకూడదనే నియమం మన గడ్డ మీద పుట్టిందనుకునేవాళ్ళు గీతలోని ఈ పదకొండో అధ్యాయం చదవాలి. భాగవతంలో కుచేలుడు అడగలేక నిలబడితే కృష్ణుడే అడుగుతాడు. ఇల్లాలి సంగతి అడుగుతాడు, గురుకులంలో గడిపిన రోజులు గుర్తుచేస్తాడు, నాకేం తెచ్చావని కొంగులోని అటుకుల మూట లాక్కుంటాడు. చిలకమర్తి 'గయోపాఖ్యానం' నాటకం, దాని ఇతివృత్తంతోనే 1963లో కె.వి. రెడ్డి తీసిన 'శ్రీకృష్ణార్జున యుద్ధం' మరో మెట్టు పైకి వెళ్ళాయి. వాటిలో స్నేహితులిద్దరూ ఎదురెదురుగా నిలబడి నువ్వు చేస్తున్నది తప్పని ఒకరికొకరు ముఖం మీదే చెప్పుకుంటారు, అయినా స్నేహం తెగదు. ఆ పద్యాలకి మన తాతలు వన్స్‌మోర్‌లు కొట్టారు. అడగడం, చెప్పడం, ఎదిరించడం, క్షమాపణ కోరడం తెలుగు మగవాడికి కొత్త విద్యలేమీ కావు.

మరి చెప్పుకోవడానికి సినిమా వదిలిన ఒకే ఒక్క దారి మందు. 1953లో వేదాంతం రాఘవయ్య తీసిన 'దేవదాసు'లో పార్వతిని పోగొట్టుకున్న దేవదాసుకి స్నేహితుడు భగవాన్ దొరుకుతాడు. పేకేటి శివరాం వేసిన ఆ పాత్ర చెడ్డది కాదు. స్నేహితుడి బాధ చూడలేక తనకు తెలిసిన మందు ఇస్తాడు, చంద్రముఖి ఇంటికి దారి చూపిస్తాడు. అప్పటి నుంచి 2017 నాటి 'అర్జున్ రెడ్డి' దాకా అరవై నాలుగేళ్ళలో ఎన్నో మారాయి, ఈ చికిత్స మారలేదు. అర్జున్ పక్కన ఉన్న శివ చాలా మంచివాడు, తిడతాడు, మోస్తాడు, విడిచిపెట్టడు. అయినా ఆ ఇద్దరి మధ్య సీసా లేకుండా సాగిన మనసులోని మాటలు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. తాగిన మగవాడు ఏడవొచ్చు, కౌగిలించుకోవచ్చు, నువ్వు లేకపోతే నేను లేనని అనొచ్చు. తెల్లారాక ఇద్దరూ అది గుర్తులేనట్టు నటించాలి. మందు ఇక్కడ అనుమతి పత్రంలా పనిచేస్తుంది. నాకు తెలిసి ఈ నియమాన్ని సూటిగా ప్రశ్నించిన తొలి ప్రధానస్రవంతి తెలుగు సినిమా 'సాగర సంగమం'. 1983లో విశ్వనాథ్ తాగుడుకు బానిసైన బాలు పక్కన రఘుని నిలబెట్టాడు. రఘు గ్లాసు నింపడు. అన్నం పెడతాడు, ఆస్పత్రికి తీసుకెళ్తాడు, నీలో ఉన్న కళ ఇలా పోతుంటే చూస్తూ ఊరుకోనని తిట్టి చెబుతాడు. ఆ పాత్ర వేసిన శరత్‌బాబు ఆ తర్వాత 'ప్రాణ స్నేహితులు'లోనూ, తమిళ 'అన్నామలై'లోనూ విడిపోయిన మిత్రుల జంటలో ఒకడిగా కనిపించాడు. రెండిటికీ మూలం హిందీ 'ఖుద్‌గర్జ్' అనే ఒకే కథ. తెలుగులో అదే కథ మళ్ళీ వెంకటేష్, సుమన్‌లతో 'కొండపల్లి రాజా' అయింది. ఒకే కథని ఇన్నిసార్లు చూసి ఆదరించిన ప్రేక్షకులకి, రఘులాంటి స్నేహితుడిని మాత్రం ఆ తర్వాత ఎవరూ పెద్దగా ఇవ్వలేదు. 2018లో తరుణ్ భాస్కర్ 'ఈ నగరానికి ఏమైంది'తో కొంత ఇచ్చాడు. అందులో నలుగురు స్నేహితులు తాగే గోవా చేరతారు. కానీ వాళ్ళలో వివేక్ తాగుడు సరదా కాదని, అది అతని సినిమానీ స్నేహాల్నీ తినేస్తోందని కథ ఒప్పుకుంటుంది. మళ్ళీ కెమెరా పట్టుకోవడం వల్లే వాళ్ళ మధ్య మాట కదులుతుంది. ఆ సినిమాని 2023లో మళ్ళీ విడుదల చేస్తే కుర్రాళ్ళు హాళ్ళు నింపారు. అందులోని అల్లరికే అంతమంది వచ్చారని నేననుకోను.

మౌనం మగవాళ్ళకే పరిమితమైన నష్టం అయితే ఇంత బాధ ఉండేది కాదు. రాజ్ కపూర్ 'సంగం' 1964లో వచ్చింది. గోపాల్, రాధ ఒకరినొకరు ఇష్టపడతారు. స్నేహితుడు సుందర్ కూడా ఆమెనే ఇష్టపడుతున్నాడని గోపాల్ తప్పుకుంటాడు. చివరికి స్నేహం కోసం ప్రాణం ఇస్తాడు. ఈ లావాదేవీ మొత్తంలో రాధ ఇష్టానికి చోటు లేదు. 2002లో ఉదయ్ కిరణ్ 'నీ స్నేహం' దాకా మన సినిమాల్లో హీరో స్నేహితుడి కోసం ప్రేమని వదులుకుంటూనే ఉన్నాడు. ప్రేమ ఇద్దరిదైనప్పుడు ఒక్కడే దాన్ని ఎలా దానం చేయగలడన్న ప్రశ్న తలెత్తదు. ఆ అమ్మాయి ఏడుపు స్నేహం గొప్పదనానికి సాక్ష్యంగా మిగులుతుంది. రెండో నష్టం హీరో స్నేహితుడిది. రెండు వేల సంవత్సరం తర్వాత వచ్చిన ప్రేమకథల్లో ఈ స్నేహితుడికి ఇల్లుండదు, ఉద్యోగం కనిపించదు, అతని ప్రేమ ఉంటే నవ్వులాటకే. ఉత్తరాలు చేరవేయడం, గోడ దూకించడం, తన్నులు తినడం అతని పనులు. సునీల్ లాంటి నటుడు ఆ పాత్రల్లో ప్రాణం పోశాడు గానీ, కథ ఒక్కసారీ ఆగి, నీ సంగతేంటి అని అతన్ని అడగలేదు. హీరో కూడా అడగలేదు. ఇద్దరి మధ్యా ఒక వైపు ప్రశ్నలు లేని సేవ, మరో వైపు గమనించకుండానే దాన్ని అందుకోవడం. దీన్ని చూసి పెరిగినవాడికి, తను హీరో కాకపోతే ఎవరి కథలోనో ఆ పక్కవాడినేనన్న భయం లోపల ఉండిపోతుంది.

నా వాదనకి ఎదురయ్యే మొదటి అభ్యంతరం బలమైనదే. మగవాళ్ళ ప్రేమ మాటల్లో ఉండదు, చేతల్లో ఉంటుంది, దాన్ని మాటలతో కొలవడం పడమటి దేశాల కౌన్సెలింగ్ గదుల నుంచి తెచ్చిన అలవాటు అంటారు. చేతల గొప్పదనాన్ని నేను తక్కువ చేయను. 2024లో తెలుగులోకి డబ్ అయిన మలయాళ సినిమా 'మంజుమ్మెల్ బాయ్స్' చూసినవాడెవడూ తక్కువ చేయలేడు. 2006లో కొడైకెనాల్ గుణ గుహల్లో పడిపోయిన స్నేహితుడి కోసం తాడు కట్టుకుని ఆ చీకట్లోకి దిగినవాడికి మాటలతో పనేముంది? కానీ ఆ అగాధం అందరికీ కనిపించింది, అందులోంచి అరుపు వినిపించింది. మనిషి లోపల పడిపోయే అగాధం బయటికి కనిపించదు. అతను చెబితే, లేదా ఎవరైనా అడిగితే తప్ప తాడు ఎక్కడ వేయాలో తెలియదు. ఇక ఇది పడమటి సరుకన్న మాటకి కురుక్షేత్రంలో ఆగిన రథమే జవాబు. మన పల్లెల్లో, పట్నాల్లో మగవాళ్ళు భుజాల మీద చేతులేసుకుని, వేళ్ళు పెనవేసుకుని నడవడం ఇప్పటికీ చూస్తాం. ఆ చనువులో అనుమానం వెతికి నవ్వించడం మన సినిమా హాస్యానికి ఇటీవల పట్టిన జబ్బు. 'ఆర్ఆర్ఆర్'లో రామ్, భీమ్ ఒకరి భుజాల మీద ఒకరెక్కి తిరగడం చూసి పడమటి ప్రేక్షకుల్లో కొందరు అది ప్రేమకథేమో అనుకున్నారు. మనకు అది వింతగా తోచలేదు. స్పర్శలో ఇంత స్వేచ్ఛ మిగిలిన చోట మాటకి మాత్రం ఎందుకింత కట్టడి?

రెండో అభ్యంతరం, సినిమా సినిమాయే, జీవితం జీవితమే అన్నది. సినిమా చూసి ఎవరూ మౌనంగా మారిపోరు, నిజమే. కానీ ఒక భావాన్ని ఎలా బయటపెట్టాలో తెలియని వయసులో కుర్రాడికి దొరికే నమూనాలు అవే. జాతీయ నేర గణాంక సంస్థ లెక్కల ప్రకారం 2022లో దేశంలో 1,70,924 మంది ఆత్మహత్య చేసుకున్నారు. వాళ్ళలో ప్రతి పదిమందికి ఏడుగురు మగవాళ్ళు. కుటుంబ సమస్యలు, అనారోగ్యం ముఖ్య కారణాలుగా నమోదయ్యాయి. ఈ మరణాల బాధ్యతని సినిమా మీద మోపడం తప్పు, అప్పులూ పంటనష్టాలూ నిరుద్యోగమూ ఉన్న దేశం ఇది. అయితే ఇంట్లో చెప్పుకోలేనిది స్నేహితుడికైనా చెప్పుకోగలిగే వీలు ఒక మనిషికి ఉందా లేదా అన్నది చిన్న విషయం కాదు. చెప్పుకోవడం మగతనానికి తక్కువ అని నేర్పే ఏ కథైనా ఆ వీలుని కొంత మూసేస్తుంది.

అడగకపోవడంలో దాక్కునే ఇంకో సంగతి కులం. దుర్యోధనుడు సభలో కులం గురించి వేసే ప్రశ్నలకి మనం చప్పట్లు కొట్టాం గానీ, కాలేజీ స్నేహాల్లో కులాన్ని ఎత్తకూడదన్నది మన అలిఖిత నియమం. ఎత్తకపోవడమే సమానత్వమనుకున్నాం. 2024లో యదు వంశీ 'కమిటీ కుర్రోళ్ళు' ఈ భ్రమని పగలగొట్టింది. గోదావరి పల్లెలో కలిసి పెరిగిన కుర్రాళ్ళు, పరీక్ష ర్యాంకుల దగ్గర రిజర్వేషన్ మాట రాగానే రెండుగా చీలిపోతారు. చిన్నప్పటి నుంచి ఒకే చెరువులో ఈదినవాళ్ళు అప్పటిదాకా ఒకరింటి పరిస్థితి ఒకరు అడగలేదు. ఒకడు ఎదుర్కొన్నది రెండోవాడికి తెలియలేదు, తెలుసుకునే మాట వాళ్ళ మధ్య ఎప్పుడూ నడవలేదు. మాట్లాడుకోకుండా కాపాడుకున్న స్నేహం మాట రాగానే తెగింది. ఈ నియమావళిలో నాకు అన్నిటికన్నా ప్రమాదకరంగా కనిపించేది ఇదే. అడగకపోవడం వల్ల లాభపడేది ఎప్పుడూ అడగాల్సిన అవసరం లేని వైపువాడే.

మార్పు మొదలైన జాడలు జనాదరణ పొందిన సినిమాల్లోనే ఉన్నాయి. 'ఆర్ఆర్ఆర్' పైకి చేతల సినిమా. చరిత్రలో కలిసిన దాఖలాలే లేని అల్లూరినీ కొమురం భీమ్‌నీ రాజమౌళి వంతెన కింద సైగలతోనే స్నేహితుల్ని చేశాడు. కానీ కథ మలుపు తిరిగేది పాము కాటుకి రామ్ పడిపోయినప్పుడు. భీమ్ అతనికి వైద్యం చేస్తూ, తానెవరో, మల్లి అనే పిల్ల కోసం ఢిల్లీ ఎలా వచ్చాడో మొత్తం చెప్పేస్తాడు. చేతిలో గ్లాసు లేదు, ప్రమాణాలు లేవు, నమ్మకం ఒక్కటే ఉంది. అప్పటికి రామ్ తన నిజం చెప్పలేదు. వాళ్ళ మధ్య పుట్టిన వేదనంతా ఒకడు చెప్పడం, ఒకడు చెప్పకపోవడం మధ్యే పుట్టింది. వంశీ పైడిపల్లి 2016లో ఫ్రెంచి సినిమా ఆధారంగా తీసిన 'ఊపిరి' ఇంకా ముందుకెళ్ళింది. మెడ కింద కదలిక లేని శ్రీమంతుడికి పెరోల్ మీద వచ్చిన శీను స్నానం చేయిస్తాడు, అన్నం తినిపిస్తాడు, ఎత్తి కూర్చోబెడతాడు. ఒక మగవాడు ఇంకో మగవాడికి ఇంత దగ్గరగా సేవ చేయడం చూపించడానికి జీతం అనే నెపం కావాల్సొచ్చింది, ఆలోచించాల్సిన విషయమే. అయినా శీను విలువ ఆ సేవతోనే ఆగదు. చుట్టూ ఉన్నవాళ్ళు జాలితో అడగడం మానేసిన ప్రశ్నలన్నీ అతను అడుగుతాడు. నీకు ఎక్కడ తెలుస్తుంది, ఎవరిని ప్రేమించావు, ఇప్పుడు ఏం కావాలి? ఆ ఇద్దరి స్నేహం అక్కడి నుంచే మొదలవుతుంది.

సినిమాలు తీసినవాళ్ళలోనే ఇంతకు మించిన నమూనా ఒకటి మనకుంది. బాపు, ముళ్ళపూడి వెంకటరమణ మద్రాసులో బడి రోజుల నుంచి స్నేహితులు. 1967లో 'సాక్షి'తో కలిసి సినిమాలు తీయడం మొదలుపెట్టారు, ఒకే ఇంట్లో రెండు కుటుంబాలుగా బతికారు. 2011లో రమణ, 2014లో బాపు వెళ్ళిపోయేదాకా ఆ బంధం నిలిచింది. స్నేహాన్ని తీర్చవలసిన రుణంగా చూసే లెక్క వాళ్ళ దగ్గర నడవలేదు. అప్పు మీద 'ఋణానంద లహరి' రాసి తెలుగువాళ్ళని తనివితీరా నవ్వించినవాడు రమణ. జీవితం చివరి అంకంలో ఆయన 'కోతి కొమ్మచ్చి' రాసినప్పుడు, చిన్ననాటి పేదరికం, మద్రాసులో పడ్డ ఆకలి, సినిమా దెబ్బలు, పడ్డ అవమానాలు, వాటన్నిటి మధ్యా బాపు తనకేమిటో, ఏదీ దాచకుండా వారపత్రికలో వారం వారం చెప్పుకొచ్చారు. పక్కనే బాపు బొమ్మ ఉండేది. స్నేహితుడంటే తనకెంత ఇష్టమో అంతమంది ముందు చెప్పుకున్న ఆ మనిషిని తెలుగు మగ పాఠకుడు బలహీనుడని అనలేదు. వచ్చే వారం సంచిక కోసం ఎదురుచూశాడు.